ఓదెమ్మ గాజు, నా తూర్పు బాల్కనీ

నేను ఒక ఇండోర్ స్టేడియాన్ని. గోదావరి ఒడ్డున, బొగ్గు గనుల ఊళ్ళో పుట్టాను. మూడు వేల కుర్చీలు, పన్నెండు తలుపులు, నడుమ నున్నటి చెక్క పరచిన ఆటస్థలం, పైన ఒక్క స్తంభం ఆసరా లేకుండా ఈ గోడ నుంచి ఆ గోడదాకా ఉక్కు కప్పు. ఇంత ఒడ్డూ పొడుగూ ఉన్నదానికి భయమేమిటని మీరు నవ్వుకోవచ్చు. పుట్టిన నాటి నుంచీ నేను భయపడుతూనే ఉన్నాను. మా ఊళ్ళో దాన్ని బుగులంటారు. కప్పు ఎక్కడ మీద పడుతుందోనని మీకు భయం. ఎక్కడ మీమీద పడతానోనని నాకు.

నన్ను గీసిన విశ్వపతి గారు మంచివాడు. షటిల్ కాక్‌కి గాలి తగిలితే దారి తప్పుతుందని కిటికీలన్నీ ఎత్తున పెట్టాడు. ఎగిరి దూకే పిల్లల మోకాళ్ళు అదరకూడదని చెక్క కింద జానెడు ఖాళీ వదిలాడు. నిండుగా ఉన్నా ఎనిమిది నిమిషాల్లో అందరూ బయటపడాలని లెక్కవేసి, పన్నెండు తలుపులూ బయటికే తెరుచుకునేలా చేయించాడు. తూర్పు బాల్కనీ అంటే ఆయనకు మరీ ముద్దు. కింద ఆసరా లేకుండా, గోడలోంచి చాచిన అరచేయిలా ఉండేది. అలా చాచిన చేతికి బలమంతా లోపలి ఇనుములోనే ఉంటుంది. ఆ ఇనుము మొత్తం నక్షాలో ఉంది, నా ఒంట్లో మాత్రం సగమే ఉంది. మిగతా సగం లారీలో పట్టపగలు వచ్చి, సంతకం పెట్టించుకుని, పట్టపగలే వెళ్ళిపోయింది. ఆ సంగతి ఆయనకు తెలియదు. ప్రారంభోత్సవం నాడు ఆయన బాల్కనీ అంచున నిలబడి చేత్తో ఆప్యాయంగా తడుతుంటే నాకు ఏడుపొచ్చింది.

ఆటలకని కట్టారు గానీ నాలో జరగని పని లేదు. ఓట్లు లెక్కపెట్టారు. చీరలు అమ్మారు. గోదావరి పొంగినప్పుడు నాలుగు ఊళ్ళ జనం, మేకలతో సహా, ఆరు రోజులు నా చెక్క మీద పడుకున్నారు. మేకలు చెక్కని ఏం చేశాయో చెప్పను. ఒకసారి పెళ్ళి జరుగుతుంటే ఎవరో పాము అని అరిచారు. అది పాటల పెట్టె వైరు. జనం మెట్ల మీద ఒకరినొకరు తొక్కుకున్నారు, ముగ్గురు ఆడవాళ్ళకు కాళ్ళు విరిగాయి. వాళ్ళను ఎత్తి బయటికి మోసింది ఓదెమ్మ.

ఓదెమ్మ నన్ను పదహారేళ్ళుగా ఊడుస్తోంది. నా తాళాలన్నీ ఆమె నడుముకే ఉంటాయి. చెప్పులు బయట విడిచి గానీ ఆటస్థలం మీద కాలు పెట్టదు. మంత్రులు కూడా అంత మర్యాద చేయలేదు నాకు.

మూడేళ్ళ కిందట వానల్లో, బాల్కనీ గోడను కలిసే చోట పగులు వచ్చింది. ఒక కుర్ర ఇంజినీరు వచ్చి, పగులుకు అడ్డంగా పల్చటి అద్దం ముక్క పెట్టి, రెండు కొసలకూ సిమెంటు అద్దాడు. అక్కడ ఊడుస్తున్న ఓదెమ్మను పిలిచి, "అమ్మా, ఇది పలిగిందంటే బాల్కనీ కదులుతోందని లెక్క. ఒక్క మనిషిని కూడా పైకి ఎక్కనివ్వకండి" అన్నాడు. ఆ తర్వాత ఆయనకు బదిలీ అయింది. ఆయన రాసిన కాగితం ఏ బీరువాలో నిద్రపోతోందో తెలియదు. ఓదెమ్మ మాత్రం రోజూ పొద్దున కొంగుతో ఆ అద్దాన్ని తుడిచి చూసుకునేది. ఆమె తుడిచే ఆ ఒక్క క్షణం నా గుండె ఆగేది.

ఈ జూన్‌లో రాష్ట్ర స్థాయి బాలికల కబడ్డీ పోటీలు నాకు దక్కాయి. ముఖ్య అతిథి మంత్రిగారు. పెయింటర్లు దిగారు. గోడ మీద బల్లి నిలబడి ఉంటే దానికీ ఒక చెయ్యి వేసేవాళ్ళే. పగులును పూడ్చి, అద్దాన్ని కూడా కలిపి తెల్లగా పూసేశారు. ఆ రాత్రి వానకు రంగు కింద అద్దం పలిగింది. అది నాకు తెలిసింది, ఇంకెవరికీ తెలియలేదు.

పొద్దున ఓదెమ్మ అలవాటు కొద్దీ తుడిచింది. బొటనవేలు సర్రున తెగింది. తెల్లటి గోడ మీద నెత్తుటి మరక చూసి ఆమె మేనేజరు రాజలింగు దగ్గరికి పరుగెత్తింది.

"సార్, అద్దం పలిగింది. బాల్కనీ కదులుతున్నట్టున్నది."

"పెయింటోళ్ళు పలగ్గొట్టిండ్రు కావచ్చు. రేపు మంత్రి సార్ వస్తుండు, నువ్వు లొల్లి చెయ్యకు ఓదెమ్మా" అన్నాడతను.

అతను చెడ్డవాడు కాదు. ఆ మాటలో న్యాయం కూడా ఉంది. ఓదెమ్మ తిరిగి పగులు దగ్గరికి వచ్చింది. తర్వాత ఎడమచేతికి సబ్బు రాసుకుని ఒక ఆకుపచ్చ గాజు తీసింది. పెయింటర్లు వదిలిన తెల్ల సిమెంటు కలిపి, పగులుకు అటొక ముద్ద, ఇటొక ముద్ద పెట్టి గాజును అంటించింది. ఆమె పెనిమిటి పోశాలు గనిలో ఊపిరితిత్తులు పాడైపోయి ఏడాదిగా మంచంలో ఉన్నాడు. ఆయన అలా ఉండగా చేతి గాజును తెచ్చి, పలుగుతుందో లేదో చూద్దామని గోడకు అంటించటం ఎంత కష్టమో మీకు నేను చెప్పక్కర్లేదు.

"పలగకు తల్లీ" అంది, రెండు చేతులూ జోడించి.

మర్నాడు పదింటికి తూర్పు బాల్కనీలో నాలుగు వందల మంది ఆడపిల్లలు కూర్చున్నారు. రంగు బాగుంది, ఫోటోల్లో బాగా పడుతుందని అక్కడే కూర్చోబెట్టారు. డప్పు మొదలైంది. పిల్లలందరూ ఒక్కసారిగా కాళ్ళతో నేలను తన్నసాగారు. వాళ్ళ సంతోషం వాళ్ళది. నాలుగో దెబ్బకు గాజు టిక్కుమని రెండు ముక్కలైంది.

పగులు పక్కనే నిలబడి ఉన్న ఓదెమ్మ చెయ్యి ముందు పుస్తెల మీదికి పోయింది. తర్వాత ఆమె పిల్లల వైపు చూసింది. కిందికి ఉరికింది. పోర్టికోలో రాజలింగు పూలదండ పట్టుకుని ఉన్నాడు.

"సార్, గాజు పలిగింది. పిల్లలను దించుండ్రి."

"నీ గాజుతోని నాకేం పని? కారు బ్రిడ్జి దాటిందట, పక్కకు జరుగు."

ఆమె లోపలికి వచ్చి అరవటానికి నోరు తెరిచింది. నా జన్మలో అంత భయం ఎప్పుడూ పడలేదు. అరిస్తే పిల్లలు మెట్ల మీద పడతారు, నేను కూలకముందే మెట్లే చంపుతాయి. ఆ పెళ్ళి నాటి కాళ్ళు ఆమెకూ గుర్తొచ్చి ఉంటాయి. నోరు మూసుకుని స్విచ్ రూంలోకి వెళ్ళి మెయిన్ లాగేసి, బయట తాళం వేసి, తాళాల గుత్తిని చీరకుచ్చిళ్ళలో దోపుకుంది.

చీకటైపోయింది. విశ్వపతి గారు పెట్టిన కిటికీలన్నింటినీ మంత్రిగారి ఫ్లెక్సీలు మూసేశాయి మరి. ఫ్యాన్లు ఆగాయి, రేకు కింద ఉడుకు మొదలైంది. జనరేటరు నాలుగేళ్ళుగా పేరుకే ఉంది. డ్రిల్లు సార్లు ఈల ఊది, "లైన్ల బయటికి నడువుండ్రి" అన్నారు. పన్నెండు తలుపులూ తెరుచుకున్నాయి. పిల్లలు విసుక్కుంటూ, నవ్వుకుంటూ మైదానంలోకి నడిచారు. ఎనిమిది నిమిషాలు కూడా పట్టలేదు. అంత భయంలోనూ నాకు విశ్వపతి గారి మీద గర్వం కలిగింది.

కానీ వాళ్ళు తిరిగి రావటానికి ఎంతసేపు? మంత్రిగారి కారు వచ్చి ఆగింది. రాజలింగు చెమటలు కక్కుతూ స్విచ్ రూం దగ్గరికి వచ్చాడు.

"తాళంచెవులు ఏవి?"

"దొరుకుతలేవు సార్" అంది ఓదెమ్మ. పదహారేళ్ళలో ఆమె అబద్ధమాడటం నేను వినలేదు.

అతను సుత్తె తెప్పించాడు. దెబ్బ మీద దెబ్బ పడుతోంది. తలుపుల దగ్గర పిల్లలు మళ్ళీ లైను కట్టారు. ముందున్న చిన్నపిల్ల ఒక కాలు గడప లోపల పెట్టి, డ్రిల్లు సారు ఈల కోసం చూస్తోంది. ఇరవై ఎనిమిదేళ్ళుగా నాకు తెలిసిన పని ఒక్కటే, పట్టుకుని ఉండటం. ఇప్పుడు వదిలేయాలి, అదీ ఈ క్షణమే, ఆ రెండో కాలు లోపల పడకముందే. ఎలా వదలాలో నాకు ఎవరూ నేర్పలేదు. నేనే వదిలానో, ఆ సగం ఇనుమే ఓడిపోయిందో ఇప్పటికీ చెప్పలేను. తూర్పు బాల్కనీ ఖాళీ కుర్చీలతో కిందికి వచ్చేసింది. దుమ్ము తగ్గాక చూస్తే, ఆ పిల్ల గడప బయట కూర్చుని దగ్గుతోంది. ఎవరికీ ఏమీ కాలేదు.

మర్నాడు పేపర్లో, అదృష్టవశాత్తూ కరెంటు పోవడంతో ప్రాణాలు దక్కాయని రాశారు. ఆ రోజు ఊళ్ళో కరెంటు పోనేలేదని కరెంటాఫీసు వాళ్ళు జవాబు రాశారు. ఆ విచారణ ఇంకా సాగుతోంది. తాళంచెవులు పోగొట్టినందుకు ఓదెమ్మకు మెమో ఇచ్చారు. కట్టు విప్పిన ఆ బొటనవేలితోనే ఆమె వేలిముద్ర వేసింది.

నన్ను పూర్తిగా పడగొట్టారు. కప్పు తుక్కుకు పోయింది. మిగిలిన నేను పాత గని గుంత పక్కన పెళ్ళలు పెళ్ళలుగా పడి ఉన్నాను. మొన్న ఓదెమ్మ వచ్చింది. చెప్పులు దూరంగా విడిచింది. వంగి వంగి వెతికి, సిమెంటు ముద్దకు ఆకుపచ్చ గాజు సగం అంటుకుని ఉన్న పెళ్ళ దగ్గర కూర్చుంది. ఎడమచేతికి ఒక గాజు తక్కువగానే ఉంది. పోశాలు సంగతి అడగాలని ఎంతో ఉంది గానీ నాకు నోరు లేదు.

ఆమె కొంగుతో ఆ గాజు మీది దుమ్ము తుడిచి, నెమ్మదిగా అంది. "ఆయన మంచిగనే ఉన్నడు. నువ్వింక బుగులు పడకు."