అడగని సంగతి

కోర్టులో తను చెప్పింది న్యాయమేనా అన్న అనుమానం దాలమ్మను ఆరేళ్లుగా వదల్లేదు. ఆమె భర్తను గుద్దేసిన సాలూరు లారీ డ్రైవరు ధర్మేంద్ర పారిపోలేదు. శవం మీద తన దుప్పటే కప్పి, "కునుకు పట్టేసిందమ్మా" అని ఆమె ముందు ఏడ్చాడు. కోర్టులో కునుకు సంగతి అడిగారు, చెప్పింది. దుప్పటి సంగతి ఎవరూ అడగలేదు, ఆమె చెప్పలేదు. అతనికి రెండేళ్ల జైలు పడింది.

చివరికి శ్రీకూర్మనాథుడికి దండం పెట్టుకుని, ఓపిక లేకపోయినా సాలూరు వెళ్లింది.

"శిచ్చ పడ్డాకే నాకు నిద్దరట్టిందమ్మా," అన్నాడు ధర్మేంద్ర.

"నాకు పట్టనేదురా. నీ తప్పు సెప్పాను గానీ, నీ మంచి సెప్పనేదు. ఆ దుప్పటి ఆయనతోనే కాలిపోనాది. ఇది తీసుకో."

కొత్త దుప్పటిని అతను రెండు చేతులా అందుకున్నాడు.