ఒడ్డున కూర్చున్న మనిషి

ఊరూరా తిరిగే ఏలూరు డేరా సినిమాలో అసలు ఆటకు ముందు, మొహిద్దీన్ సొంతంగా తీసిన మూడు నిమిషాల బొమ్మ ఒకటి వేసేవాడు. అందులో మాట ఉండదు, పాట ఉండదు. ఒక తలుపు, లేదంటే ఎవరూ పడుకోని మంచం. జనం వేరుశెనక్కాయలు ఒలుచుకుంటూ చూసేవారు.

అతని కెమెరాలో పడింది అందులోనే ఉండిపోయేది. పెదపాడులో ఒక ఎద్దు కుంటుతుంటే తీశాడు. కుంటడం తెరమీద మిగిలిపోయింది, ఎద్దు చక్కగా నడిచింది. ఇక జనం పంటినొప్పులు పట్టుకుని రాసాగారు.

"రీలు మద్రాసు నుంచి రావాలండీ. మీ పంటికి వేపపుల్ల చాలు" అని పంపేసేవాడు.

ఒకసారి భార్య సఫియా నవ్వు తీశాడు. ఆ తర్వాత బతికిన రెండేళ్లూ ఆవిడ నవ్వలేదు. ఆవిడ పోయాక అతను మనుషుల్ని తియ్యడం మానేశాడు.

ఒకనాడు కొల్లేటి ఒడ్డు నుంచి మణెమ్మ వచ్చింది. ఆమె అన్న పాపారావు వలకెళ్లి తొమ్మిది రోజులైంది. గాలివానకు దోనె బోల్తాపడడం కలిదిండి వాళ్లు కళ్లారా చూశారు. మగవాడి దోనె ఒడ్డుకు తగిలాకే ఆడమనిషి గంజి ముట్టాలని వాళ్లింటి ఆనవాయితీ. వదిన నాగరత్నం ఒడ్డునే కూర్చుంది. మంచినీళ్లు తప్ప ఏమీ తీసుకోలేదు.

"సాయిబు గారూ, మా వదిన ఎదురుచూపు మీ పెట్టెలోకి లాగెయ్యండి. అన్నయ్య ఎలాగూ పోయాడు. ఈవిడైనా దక్కాలి."

"దాంతోపాటు ఇంకేం ఊడొస్తుందో నాకు తెలీదమ్మా."

"రేపటికి మనిషే ఉండదండీ!"

మొహిద్దీన్ పడవెక్కాడు.

నాగరత్నం అతన్ని చూడనైనా చూడలేదు. "అడ్డం తప్పుకోండి బాబూ, దోనె కనపడదు" అంది. అతను పక్కకు జరిగి కెమెరా పిడి తిప్పాడు. ఆమె ముఖం, తుంగ, నీళ్లు. అంతే.

రీలు అయిపోగానే నాగరత్నం మోకాళ్లు పట్టుకుని లేచింది. "ఆకలేస్తోందే మణెమ్మా" అంది. మణెమ్మ ఏడుస్తూ గంజి పోసింది.

తాడేపల్లిగూడెం బియ్యం మిల్లులో ఇద్దరికీ పని దొరికింది. నాగరత్నం ఒళ్లు చేసింది. చెరుగుతూ పాటలు కూడా పాడేది. వదినా అంటే పలికేది గానీ, ఎలా వదిననయ్యానని ఎన్నడూ అడగలేదు.

ఏడాదికి డేరా గూడెం వచ్చింది. ఇద్దరూ వెళ్లి నేల టిక్కెట్టులో కూర్చున్నారు. తెరమీద నీళ్లు, తుంగ, రెప్ప వెయ్యని ఆడమనిషి. కాయలు ఒలిచే చేతులు ఆగిపోయాయి.

నాగరత్నం కొంగుతో కళ్లొత్తుకుంది. "పాపం, ఎవరి కోసమే మణెమ్మా, ఆవిడ?"

మణెమ్మ తెరకేసి చూస్తూనే చెప్పింది.

"మా అన్నయ్య కోసం."

"అదేమిటే! నీకు అన్నయ్య ఉన్నాడని ఎప్పుడూ చెప్పలేదేం?"