మూడుసార్లు మోగిన గంట

హార్మోనియం మెట్ల సందుల్లో చేరిన బొగ్గుదుమ్మును సదానందం పాత టూత్‌బ్రష్‌తో దులుపుతున్నాడు. చంద్రపూర్‌లో రోజూ దులిపినా రోజూ ఉంటుంది ఆ దుమ్ము. పొట్టి మెడ, సరిగా వినపడని ఎడమ చెవి, కణుపుల దగ్గర ఉబ్బిన వేళ్లు. ముప్పైనాలుగేళ్లు గని మొగదల నిలబడి, మనుషుల్ని దింపే లిఫ్టుకు గంట కొట్టిన చేయి అది. ఇలాంటివాడు సినిమాకు సంగీతం కట్టాడంటే వీధిలో ఎవరూ నమ్మలేదు. పెళ్లాం ఆగమ్మ అసలే నమ్మలేదు.

కట్టాడు మరి! భజనల్లో వాయించుకునే అతణ్ణి పట్టుకొచ్చింది పల్లవి. గని కార్మికుడి మనవరాలు. మూతపడిన గని మీద మొదటి సినిమా తీసింది. బాణీలన్నీ నచ్చాయి గానీ ఒక్కచోట పేచీ వచ్చింది. పైకప్పు కూలి రెండు రోజులు లోపల చిక్కుకున్నవాళ్లు పైకి వచ్చే ఘట్టంలో సదానందం సంగీతమంతా ఆపేసి, గంట మాత్రం మూడుసార్లు మోగించాడు.

"కాకా, ఆడ వయొలిన్లు పడాలె. ఒట్టి గంట మోగితే పబ్లిక్‌కు ఏం సమజైతది?" అంది పల్లవి నిన్న.

"మూడు దెబ్బలంటే లిఫ్టుల మనుషులు ఎక్కిండ్రు, పైలం అని. గంతకంటె పెద్ద పాట నాకు రాదు బిడ్డా. రేపు మనోళ్లకు సూపిస్తున్నవ్ గదా? వాళ్ల పానం కదలకపోతే గంట తీసెయ్. దాంతోని నా పేరు గూడ తీసెయ్."

అనేశాడు గానీ, ఆ పేరు తెర మీద చూసుకోవాలని అతని ప్రాణం ఎంత కొట్టుకుంటోందో ఆగమ్మకు తెలుసు. ఇస్త్రీ చొక్కా చేతికిస్తూ, "పేరు తీస్తమంటే నువ్వు ఊకుంటవేమో, నేను ఊకోను," అంది.

మధ్యాహ్నానికి హాలు నిండా రిటైరైన కార్మికులు. దగ్గులు, తంబాకు వాసన. కర్ర లేందే అడుగెయ్యలేని ఎల్లన్న ముందు వరసలో కూర్చున్నాడు. తెర మీద గని చీకటైంది. సంగీతం ఆగింది. వెనక వరసలో ఆగమ్మ పక్కన కూర్చున్న సదానందం కుడి చెవిని తెర వైపు తిప్పాడు.

ఒకటి. రెండు. మూడు.

ముందు వరసలో ఎల్లన్న లేచి నిలబడ్డాడు. ఇరవై ఏళ్లు ఈ సదానందం గంట మీదే గనిలోకి దిగినవాడు. పక్కవాడూ లేచాడు. వాళ్ల వెనకవాళ్లు, ఆ వెనకవాళ్లు. లేచిన ప్రతివాడూ కుడిచేయి పైకెత్తి, తల మీద లేని ఇనుప కడ్డీని బిగించి పట్టుకున్నాడు. లిఫ్టు కదిలేముందు పట్టుకోవాల్సిన కడ్డీ అది. ఎవరూ చెప్పలేదు, ఎవరూ ఒకరి మొహం ఒకరు చూసుకోలేదు. తెర మీద లిఫ్టు పైకి వస్తున్నంతసేపూ ఆ చేతులన్నీ అలాగే ఉన్నాయి. వెలుతురు కనబడ్డాకే దిగాయి. అప్పుడు కొట్టారు చప్పట్లు, రేకుల మీద వాన పడ్డట్టు!

"వయొలిన్లు క్యాన్సిల్ కాకా," అంది పల్లవి కళ్లు తుడుచుకుంటూ.

గెలిచానన్న సంతోషంలో సదానందం పల్లవి చేతులు రెండూ పట్టుకుని ఊపేశాడు. ఆగమ్మ ముందుకొచ్చింది. "నేను ముందే జెప్పిన!" అంది. ఏనాడూ చెప్పలేదు గానీ, ఆ పూట ఎవరు కాదంటారు?

ముసలివాళ్లు ఆ గంట మాటే చెప్పుకుంటూ ఆటోలెక్కి వెళ్లిపోయారు. ఎల్లన్న తన ఊరు వరోరాకు బస్సు కూడా పట్టేశాడు. ఊడ్చే మనిషి వచ్చి చూస్తే, ముందు వరస కుర్చీ కింద ఎల్లన్న చేతికర్ర పడి ఉంది.