తూకపు రాయి

మా ఆయన శ్రీకుమార్ పోయిన పదో రోజు అది. సౌకార్‌పేటలో మిర్చి, పసుపు హోల్‌సేల్ చేసే ఇల్లు మాది. బొంబాయి సరుకుతో పాటు ఎయిడ్స్ తెచ్చింది మా అత్తింటివాళ్ల కొడుకు. మొగుణ్ణి మింగిన దాన్ని మాత్రం నేను! పరీక్షలో నాకూ ఉందని, మా చాందినికి లేదని తేలింది. దాంతో కర్మ కాగానే నన్ను తిరువొత్తియూరులో మా అన్న ఇంటికి తోలేసి, ఏడేళ్ల పిల్లను తమ దగ్గరే ఉంచుకోవాలని నిశ్చయించారు.

"పాప ఈడనే ఉంటుంది. నువ్వు ఆడికి పో," అన్నాడు మా మరిది వెంకట్రామ్.

"నా పిల్ల లేకుండా గడప దాటను. నరికినా సరే," అన్నాను.

ముందు గాజులు పగలాలి. మా ఇంటి ఆచారం ప్రకారం విధవరాలైన పెద్దత్త నా చేతులు పట్టుకుని ఒకదానికొకటి కొట్టించాలి. మా పెద్దత్త అలివేలుమంగ పట్టుకుంటుందా? నేను తాకిన చెంబునే వీధిలో పారేసింది కదా ఆ మహాతల్లి! పోనీ ఆచారం వదులుతుందా? అదీ లేదు. నా చేతులు పీట మీద పెట్టించి, అంగట్లోంచి ఇనుప తూకపు రాయి తెప్పించింది.

"అంటకుండా అయిపోతుంది. కదలొద్దు," అంది.

ఎత్తి కొట్టింది. గాజులతో పాటు నా మణికట్టూ చితికింది. రెండో దెబ్బకు గాజుపెంకు లోపలికి దిగింది. నెత్తురు చిమ్మి ఆమె చీర మీద పడింది. "అయ్యయ్యో, నెత్తురు!" అని కేక పెట్టి రాయిని నా పాదం మీదే వదిలేసింది. వెంకట్రామ్ కర్ర తీసుకుని నా వీపు మీద బాదాడు.

"బయటికి పోవే, పీడా!"

నాకు పిచ్చెత్తింది. నెత్తురు కారుతున్న చెయ్యి చాచి వాడి మీదికి నడిచాను. "రారా! కొట్టరా! దీనికే కదా మీ భయం? రండి, పట్టుకోండి!"

వాడి చేతిలో కర్ర జారిపోయింది. చుట్టాలందరూ గోడలకు అతుక్కుపోయారు. గడప దాకా దారి ఖాళీ అయింది. నన్ను చూసి ఆ ఇంట్లో ఒకరు భయపడడం అదే మొదలు. నిజం చెప్పొద్దూ, భలే సంతోషమేసింది.

"చాందినీ, దా తల్లీ, పోదాం," అని దెబ్బ తగలని చెయ్యి చాచాను.

పిల్ల కదల్లేదు. గోడకు అతుక్కున్న వాళ్లలో అదీ ఉంది. రెండు చేతులూ వీపు వెనక దాచుకుని, బడిలో మాట్లాడే అరవంలో అంది.

"వేండామ్మా. తొడాదే."

వద్దమ్మా, ముట్టుకోవద్దని.

ఇంకో అడుగు వేస్తే అది ఎక్కడ కెవ్వుమంటుందోనని భయమేసింది. నెత్తుటి చెయ్యి కొంగులో చుట్టుకున్నాను.

గడప దాటాను. ఎవరూ తొయ్యలేదు.