పచ్చ దీపం వెలిగిన గది

రాప్తాడులో హైవే పక్క ఇంట్లో, ముందుగదిలో సరళ జాకెట్లకు కంప్యూటర్ ఎంబ్రాయిడరీ వేస్తుంది. ఆ గదికి కాపలా ఆమె తల్లి తిరుపాలమ్మ. ఉండమని ఎవరూ చెప్పలేదు, తనకు తానే పెట్టుకున్న పని అది.

ఆ మంగళవారం నాజ్‌నీన్ తన జాకెట్ వేసుకుని చూసుకోవడానికి వచ్చింది. తిరుపాలమ్మ తలుపు గడియ పెట్టి వెనక్కి తిరిగింది. బల్ల మీది ల్యాప్‌టాప్‌లో, కెమెరా పక్కనుండే చిన్న పచ్చ దీపం వెలుగుతోంది. సరళ దారాలు సర్దుకుంటోంది. ల్యాప్‌టాప్‌ను ఎవరూ ముట్టుకోలేదు. నాజ్‌నీన్ కొక్కేల మీద చెయ్యి వేసేలోగా తిరుపాలమ్మ గబగబా పోయి మూత వేసేసింది.

"ఏం పెద్దమ్మా, నన్ను చూసి దానికి సిగ్గయితాందా?" అని నవ్వింది నాజ్‌నీన్.

"దాని దీపం వెలుగుతాండాది. పోయిన వారం గూడా చూసినా."

"మాయమ్మకు గాలి ఆడినా అనుమానమే," అంది సరళ.

నాజ్‌నీన్ మాత్రం నవ్వు ఆపేసింది. అనంతపురంలో కంప్యూటర్లు చదివిన పిల్ల ఆమె. "ఈ డిజైన్ సాఫ్ట్‌వేర్ యాడిది సరళా?"

"కంప్యూటర్లు బాగుచేసే గుత్తి దివాకరన్న రెండు నెలల కింద పెన్‌డ్రైవ్‌తో వేసినాడు. యాంటీవైరస్ ఆపేసి వేసినాడు. మళ్లీ పెట్టొద్దన్నాడు."

"అయితే అది దొంగ కాపీ."

తిరుపాలమ్మకు రోషం వచ్చింది. "దుడ్లు ఇచ్చి వేయించుకున్నెది దొంగదెట్లయితాది?"

"మీరిచ్చింది దివాకరన్నకు పెద్దమ్మా. దాన్ని తయారుచేసినోళ్లకు కాదు."

ఈ పిల్లను మాత్రం ఎంతవరకు నమ్మాలి? తిరుపాలమ్మ దివాకర్‌కు ఫోన్ చేసి ఆ మాటే అడిగింది.

"ఎవరో ఏదో చెప్తారక్కా. యాంటీవైరస్ మాత్రం ఆన్ చేయొద్దు," అన్నాడతను.

"మరి కెమెరా దీపం ఎందుకు వెలుగుతాండాది?"

"సిగ్నల్ లేదక్కా," అని ఫోన్ పెట్టేశాడు. అంతవరకు అతని గొంతు పక్కింట్లోంచి మాట్లాడినంత స్పష్టంగా వినబడింది. తిరుపాలమ్మ అనుమానం అటు తిరిగింది.

నాజ్‌నీన్ మూత తెరిచి యాంటీవైరస్ ఆన్ చేసింది. కాసేపటికి తెర మీద ఎర్రటి హెచ్చరికలు ఒకటి తర్వాత ఒకటి వచ్చాయి. ఆమె ఇంటర్నెట్ ఆపేసింది.

"ఈ సాఫ్ట్‌వేర్ తాళం పగలగొట్టి దొంగ కాపీ చేసినోడు దాంట్లో ఇంకోటి దాచినాడు. బయటోళ్లు కెమెరా తెరిచే వీలుండాది. చూసినారో లేదో నేను చెప్పలేను. దివాకరన్నకు తెలుసో లేదో గూడా తెలీదు." తర్వాత గొంతు తగ్గించింది. "పోయిన నెల నేనూ ఈడే మార్చుకున్నా."

ఆ మాటకు తల్లీకూతుళ్లు ఇద్దరూ ఆమె ముఖం చూడలేకపోయారు.

కంప్యూటర్ మొత్తం చెరిపేసి, ఇంక్‌స్టిచ్ అనే ఎంబ్రాయిడరీ సాఫ్ట్‌వేర్ వేసుకోవచ్చని, దానికి పైసా అక్కర్లేదని, లేదంటే బిల్లుతో అసలుదే కొనుక్కోవచ్చని నాజ్‌నీన్ చెప్పింది.

"ఊరికే ఎవరిస్తారు? దాంట్లో ఎవరు కూర్చోనుంటారో," అంది తిరుపాలమ్మ.

"తయారుచేసినోళ్లే వాడుకోమని ఇస్తాండారు. లోపలేం రాసినారో ఎవరైనా తెరిచి చూడొచ్చు."

"నువ్వు చూసినావా?"

"అంతా చూళ్లేదు పెద్దమ్మా."

చూశానని చెప్పి ఉంటే తిరుపాలమ్మ నమ్మేది కాదు.

నాజ్‌నీన్ వెళ్లాక సరళ కొలతల పుస్తకం తీసింది. ఆ రెండు నెలల్లో గదిలో జాకెట్ మార్చుకున్నవాళ్లు ఇంకా పదకొండుమంది.

"చెప్తే ఒక్కరూ మన గడప తొక్కరు మా," అంది సరళ.

తిరుపాలమ్మకు ఆ భయం కూతురికన్నా ఎక్కువే ఉంది. అయినా రేపు ఏదో ఫోన్‌లో ఏదో ఫొటో కనబడి, ఆ ఆడపిల్ల ఏమైనా చేసుకుంటే? ఆలోచన అక్కడికి పోయాక ఆమె ఇంట్లో నిలవలేకపోయింది.

మొదట చౌడేశ్వరి ఇంటికి పోయింది. ఆమె కోడలు ఉగాదికి జాకెట్ వేయించుకుంది. నిలబడే అంతా చెప్పింది తిరుపాలమ్మ. చౌడేశ్వరి చేటలో శనక్కాయలు ఏరడం ఆపి, పైనుంచి కిందికి చూసింది.

"ఏం వదినా, ఎవురూ అడగకుండానే వచ్చి చెప్తాండావే? ఇంకా ఏం దాస్తాండావు?"

"ఏమీ లేదు."

"నా కోడలి ఫొటో నువ్వేమన్నా చూసినావా?"

"లేదు వదినా. నా బిడ్డ మీద ఒట్టు."

చౌడేశ్వరి చేట పక్కన పెట్టింది. "ఎంతమందికి చెప్తావు?"

"పదకొండుమందికి. నీతోనే మొదలు."

"అందరికీ చెప్పినాక రా. నువ్వు నిజంగా చెప్పినావో లేదో నేనూ కనుక్కుంటా. కోడలికి అప్పుడు చెప్తాలే."

"కనుక్కో," అని తిరుపాలమ్మ ఎండలోకి దిగి, రెండో ఇంటి వైపు నడిచింది.