ఇరవయ్యొకటో పందెం

సరీషగాన్ స్టేషన్లో అల్మాతీ రైలూ అస్తానా రైలూ ఎదురుపడి ఇరవై నాలుగు నిమిషాలు ఆగుతాయి. రెంటికీ మధ్య ప్లాట్‌ఫాం ఒక్కటే. జనమంతా పొగబెట్టిన చేపల కోసం దిగుతారు. తొమ్మిదో బోగీ కండక్టరు కుల్యాష్ మాత్రం మొగుడి కోసం దిగుతుంది. దిగడమంటే ఎంతో దూరం కాదు, ఆఖరి మెట్టు మీంచి నేల మీద కాలు పెట్టడమే. రైలు ఆగినంతసేపూ కండక్టరు తన తలుపు వదలకూడదు. గుడ్డతో కడ్డీలు తుడవాలి, ఎక్కేవాళ్ళ టికెట్లు చూడాలి, చేపలకని దిగినవాళ్ళు తిరిగి ఎక్కారో లేదో కనిపెట్టుకుని ఉండాలి. ఆమె మొగుడు మక్సుత్‌దీ అదే ఉద్యోగం, ఎదురు రైల్లో నాలుగో బోగీ. రెండు రైళ్ళూ సరిగ్గా ఆగితే ఆ నాలుగూ ఈ తొమ్మిదీ ఎదురెదురుగా వస్తాయి. మధ్యలో పది అంగల దూరం. ఆ పది అంగలూ వెయ్యడానికి రూల్సు ఒప్పుకోవు.

అరిచి మాట్లాడుకోవచ్చు. కానీ చేపలమ్మేవాళ్ళూ ప్రయాణికులూ చెవులు రిక్కించి వింటుంటే మొగుడూ పెళ్ళాలు ఏం మాట్లాడుకుంటారు? అందుకని ఆడుకునేవారు. ఇద్దరి దగ్గరా చేతిలో పట్టుకుని ఆడే కన్సోల్ ఒక్కొక్కటి ఉంది. రెంట్లోనూ ఉన్నది ఒకే ఒక్క కార్ల పందెం గేమ్. ఇంటర్నెట్ అక్కర్లేదు, దగ్గర్లో ఉంటే చాలు, ఒక కన్సోల్‌ని ఇంకోటి పట్టుకుంటుంది. ఎవరి తలుపు దగ్గర వాళ్ళు నిలబడి, పైకి ఉద్యోగం చేస్తున్నట్టే కనిపిస్తూ, తెర మీది సరస్సు చుట్టూ కార్లు తోలుకునేవారు. ఇద్దరూ ఇంట్లో ఉండే రోజు నెలకి ఒకటి దొరికితే గొప్ప. ఆ రోజు కూర్చుని వీడియో గేమ్ ఆడేంత వెర్రివాళ్ళు కారు.

మే నెల నుంచి మాత్రం అది ఆటలా లేదు. వాళ్ళ కూతురు ఇంకార్‌కి ఆరేళ్ళు నిండాయి. తొలిచూలు బిడ్డ నాయనమ్మ ఒళ్ళో పెరగడం వాళ్ళలో మామూలే. ఇంకార్ కూడా అలాగే మక్సుత్ వాళ్ళమ్మ దగ్గర పెరిగింది. ఆవిడ మేలో కొడుకునీ కోడలినీ పిలిచి, ఇన్నాళ్ళూ తిండి పెట్టి పెంచాను, బడి సంగతి నావల్ల కాదు, సెప్టెంబరు ఒకటి నుంచి మీలో ఒకరు ఇంట్లో ఉండండి అని తెగేసి చెప్పింది. అల్మాతీ డిపోలో దుప్పట్ల గోడౌన్ ఉద్యోగం ఒకటి ఖాళీ అవుతోంది. ఇద్దరిలో ఒకరు రైలు దిగి అందులో చేరాలి. ఫోన్లో ఆ మాటెత్తితే చాలు, పోట్లాటే. కుల్యాష్ పుట్టిందే రైలు పట్టాల పక్క గ్యాంగ్‌మన్ ఇంట్లో. కాళ్ళ కింద నేల కదలకపోతే ఆమెకి నిద్ర పట్టదు. దుప్పట్లు లెక్కపెట్టుకుంటూ నాలుగు గోడల మధ్య బతకడమన్న ఆలోచనకే ఆమెకి ఊపిరాడేది కాదు. చివరికి మక్సుతే అన్నాడు, పోట్లాట దేనికి, ఇరవయ్యొక్క పందేలు ఆడదాం, ఎక్కువ ఓడినవాళ్ళు దిగిపోవాలి అని.

ఇరవై అయ్యాయి. చెరి పది. ఆగస్టు ఇరవై మూడున జరగాల్సింది ఆఖరిది. గోడౌన్‌కి ఎవరి పేరు రాయాలో ఆ సాయంత్రానికల్లా చెప్పమని సిబ్బంది పెద్ద జైనుల్లా కుల్యాష్‌కి గడువు పెట్టాడు.

రైలు ఆగింది. కుల్యాష్ కడ్డీలు తుడిచి, ఇద్దరు ముసలివాళ్ళని దింపి, ఆప్రాన్ జేబులోంచి కన్సోల్ తీసింది. అవతల మక్సుత్ చెయ్యి ఊపాడు. మక్సుత్ మంచివాడే కానీ మహా తొందర మనిషి. తెర మీద ఏ ప్రశ్న వచ్చినా చదవకుండా 'సరే' నొక్కేస్తాడు. ఇంటి ఫోన్ నెల రోజుల పాటు కొరియా భాషలో మాట్లాడిందంటే ఆ పుణ్యం అతనిదే. కుల్యాష్ అలా కాదు. సిబ్బందిలో ఎవరి ఫోన్ మొరాయించినా ఆమె దగ్గరికే తెస్తారు.

ఇద్దరూ గేమ్ తెరిచారు. ఒకరి పేరు ఒకరికి కనిపించింది. నొక్కితే మాత్రం కలవలేదు. రెండు కన్సోళ్ళలోనూ గేమ్ వెర్షన్ ఒకటి కాదని తెర చెప్పింది.

"ఏం నొక్కావు?" అని కేకేసింది కుల్యాష్. అరవకూడదన్న నియమం అప్పుడే మంటగలిసింది.

అస్తానాలో డ్యూటీ గదిలో వైఫై ఉందనీ, ఏదో అప్‌డేట్ అని వచ్చి అదే పనిగా విసిగిస్తుంటే సరే అన్నాననీ మక్సుత్ చేతులు తిప్పుతూ చెప్పాడు. ఒకసారి కొత్త వెర్షన్ ఎక్కితే మళ్ళీ పాతదానికి వెళ్ళే దారి లేదు. ఇక కుల్యాష్ దాంట్లో కూడా కొత్తది ఎక్కాల్సిందే. ఆ స్టేషన్లో ఫోన్ సిగ్నల్ రావడమే గగనం, అంత బరువు అప్‌డేట్ ఎక్కడ దిగుతుంది? కుల్యాష్ కంగారు పడలేదు. గేమ్ బొమ్మ మీద గుర్తు నొక్కితే వచ్చే జాబితాలో, దగ్గర్లో ఉన్నవాళ్ళ కన్సోల్ నుంచి అప్‌డేట్ తీసుకునే వీలుందని ఆమెకి తెలుసు. కొత్తది ఉన్నవాళ్ళు పంపాలి, పాతది ఉన్నవాళ్ళు అందుకోవాలి. ఏది నొక్కాలో వేలితో గాల్లో గీసి చూపిస్తే, మక్సుత్ మొదటిసారి చదివి మరీ నొక్కాడు.

మెమరీ కార్డులో చోటు లేదంది కుల్యాష్ కన్సోల్. కుల్యాష్ తను గెలిచిన పందేల వీడియోలన్నీ దాచుకుంది, అవే నిండిపోయాయి. ఒక్క క్షణం మనసు పీకింది. మక్సుత్ కారు చివరి మలుపులో సరస్సులో పడే దృశ్యాలు అవన్నీ. ఎన్నిసార్లు చూసుకుని నవ్వుకుందో. పందెమే జరగకపోతే ఇవెందుకని అన్నీ తుడిచేసింది.

అప్‌డేట్ రావడం మొదలైంది. పదహారు నిమిషాలు మిగిలాయి. ముప్పై శాతం దాకా సాఫీగా వచ్చింది. ఇంతలో ఒక ప్రయాణికుడు చాయ్‌కి వేడినీళ్ళు రావడం లేదన్నాడు. కుల్యాష్ బాయిలర్ దగ్గరికి పోయి కొళాయి విప్పి వచ్చేసరికి పంపకం ఆగిపోయింది. ఇనుప బోగీ లోపలికి పోతే గాలిలో వచ్చేది ఎలా అందుతుంది? మళ్ళీ మొదలుపెట్టారు. ఈసారి మక్సుత్ తలుపు ముందు ఓ పెద్ద కుటుంబం సంచులతో అడ్డంగా నిలబడింది. మళ్ళీ ఆగింది. కుల్యాష్‌కి అసలే ముక్కు మీద కోపం. గుడ్డ తీసి మెట్టు మీద కొట్టింది.

ప్లాట్‌ఫాం మధ్యలో పీట వేసుకుని కూర్చున్న ఉర్కియా అపా ఇదంతా చూస్తోంది. ముప్పై ఏళ్ళుగా అక్కడ చేపలమ్మే ముసలావిడ, అపా అన్నది పెద్దావిడని పిలిచే పిలుపు. వీళ్ళ పందేల లెక్క వీళ్ళకంటే ఆవిడకే బాగా గుర్తు.

"నాణెం ఎగరేస్తే పోలా? ఇంత రామాయణం దేనికి?" అంది.

"నాణెం ఎగరేసి నా ఉద్యోగం తేల్చుకోనా అపా? ఓడితే నా చేతకానితనం వల్ల ఓడాలి."

ఉర్కియా అపా లేచి, మోకాళ్ళు పట్టుకుంటూ ముందు మక్సుత్ దగ్గరికి, తర్వాత కుల్యాష్ దగ్గరికి పోయి రెండు కన్సోళ్ళూ తీసుకుంది. తన బుట్టలో చేపల మీద కప్పిన కాగితం మీద పక్కపక్కన పెట్టింది. కండక్టర్లు తలుపులు వదల్లేరు సరే, ఆవిడకేం అడ్డు. చేప కొందామని వంగినవాళ్ళని, ఆ రెండూ అమ్మకానికి కాదు, ఆగండి అని కసురుకుంది. ఎంత అయిందో పైకి చదివి చెబుతూ ఉంది. యాభై. డెబ్బై. తొంభై దగ్గర ఒక చేప కూడా అమ్మింది.

అప్‌డేట్ అంతా ఎక్కాక మక్సుత్‌ది అతనికిచ్చి, కుల్యాష్‌కి తన కన్సోల్ తెచ్చి ఇస్తూ, "నూనె అంటింది, తుడుచుకో" అంది.

కుల్యాష్ గేమ్ తెరిచింది. డేటా పాడైంది, గేమ్ మొదలవదు అని వచ్చింది. గేమ్ తీసేసి మళ్ళీ వేద్దామంటే ఇక్కడ వెయ్యడానికి ఏముంది? సగం సగం వచ్చి ఆగిన ముక్కలు ఎక్కడో అడ్డం పడి ఉంటాయనుకుంది. తెర ఆర్పితే కన్సోల్ నిద్రపోతుందే తప్ప ఆగదని ఆమెకి తెలుసు. బటన్ గట్టిగా పట్టుకుని పూర్తిగా ఆపేసింది. మనసులో పది లెక్కపెట్టి మళ్ళీ వేసింది. గేమ్ గుర్తు నొక్కి, డేటా సరిచూడమంది. చిన్న గీత మెల్లగా నిండింది. పాడైన ముక్కని తీసేసి, దాన్ని మాత్రం మళ్ళీ పంపమని మక్సుత్‌కి చెప్పింది. మక్సుత్ ప్లాట్‌ఫాం అంచుకొచ్చి, ఒక కాలు మెట్టు మీదే ఉంచి, కన్సోల్ పట్టుకున్న చెయ్యి బారచాపి నిలబడ్డాడు. ఈమె కూడా అలాగే చాపింది. దారినపోయేవాళ్ళు వంగి ఆ చేతుల కిందుగా వెళ్ళారు. ఎవరూ విసుక్కోలేదు, చేపలు కొన్నాక ఎవరైనా ఓపిగ్గానే ఉంటారు.

గేమ్ తెరుచుకుంది. అయిదు నిమిషాలున్నాయి. కుల్యాష్‌కి ఒళ్ళంతా హాయిగా అనిపించింది. ఓడినా గెలిచినా ముందు ఇది మాత్రం బాగుచేశాను అనుకుంది.

సరస్సు ట్రాక్ ఎంచుకున్నారు. పందెం మొదలవబోయే ముందు పాత వెర్షన్లో లేనిది ఒకటి తెర మీద వచ్చింది. ఆడే ఇద్దరి పేర్లూ, పేర్ల కింద ఆ ట్రాక్ మీద ఒక చుట్టుకి ఎవరికి పట్టిన అతి తక్కువ సమయం ఎంతో. ఒంటరిగా ఆడినా కలిసి ఆడినా లెక్కేనట. కుల్యాష్, నూట పన్నెండు సెకన్లు. మక్సుత్, తొంభై నాలుగు.

ఆమె మళ్ళీ చదివింది. ఇరవై పందేల్లో మక్సుత్ ఒక్కసారైనా నూట పదికి దిగి రాలేదు. పది గెలిచినప్పుడు కూడా వెంట్రుక వాసిలోనే గెలిచాడు. మిగతా పదిసార్లూ చివరి మలుపులో, అదే చోట, కారు సరస్సులోకి జారింది. చేతకానివాడని ఎంత వెక్కిరించిందో ఆమెకి ఒక్కొక్కటీ గుర్తొచ్చింది. తలెత్తి చూసింది. మక్సుత్ తెర వైపు చూస్తూ, కార్లు ఎప్పుడు కదులుతాయా అని ఎదురుచూస్తున్నాడు. తన అప్‌డేట్ తననే పట్టించిందని కూడా అతనికి తెలియదు.

కార్లు కదిలాయి. కుల్యాష్‌కి కోపం వచ్చింది. తనని చిన్నపిల్లని ఆడించినట్టు ఆడించాడని మండిపడుతూ తోలింది. మొదటి చుట్టంతా ఇద్దరూ పక్కపక్కనే. రెండో చుట్టులో చివరి మలుపు వచ్చింది. మక్సుత్ కారు జారి నీళ్ళలో పడింది. కుల్యాష్ గెలుపు గీతకి బెత్తెడు దూరంలో కారు ఆపేసింది.

"ఎన్నాళ్ళనుంచి మునుగుతున్నావు?" అని అరిచింది.

"బ్రేకు పడలేదు," అన్నాడు మక్సుత్.

"తొంభై నాలుగు సెకన్లని ఇక్కడ రాసుంది. పేరు కూడా నీదే."

మక్సుత్ తెర వైపు చూసి, చేపల బుట్ట వైపు చూసి, ఎటూ దారి లేక నవ్వాడు. నాకోసం ఉద్యోగం వదులుకోమని నేను అడిగానా అని కుల్యాష్ నిలదీసింది.

"నీకోసమని ఎవరన్నారు? నాకు ఇంకార్ దగ్గరుండాలని ఉంది. ఆ మాటంటే నువ్వు జాలిపడి నువ్వే దిగిపోతావు. అందుకని గెలిపించా."

"నువ్వా ఇంట్లో ఉండేది? దాని జడ ఎవరు వేస్తారు?"

"నేనే. జూన్ నుంచి నేర్చుకుంటున్నా. మా బోగీ ఎక్కిన ఆడపిల్లల్ని అడుగు, ఒక్క తల వదల్లేదు."

ప్లాట్‌ఫాం అంతా ఘొల్లుమంది. కుల్యాష్ నవ్వలేదు. జూన్ అంటే అప్పటికి నాలుగు పందేలే అయ్యాయి. తను ఓడిపోతానేమో అని వేసవంతా నిద్ర మానుకుంటే, ఈ మనిషి ముక్కూ మొహం తెలియని పిల్లల తలలు దువ్వుకుంటూ వచ్చాడు.

కూత వేశారు. దిగినవాళ్ళు చేపల పొట్లాలతో గబగబా ఎక్కారు.

"గీత దాటు," అన్నాడు మక్సుత్. "రైలు పోతోంది."

కుల్యాష్ బటన్ నొక్కింది. కారు గీత దాటింది. కన్సోల్ ఆప్రాన్ జేబులో వేసుకుని, తలుపులో నిలబడి, బయల్దేరొచ్చని చూపే చుట్టిన పసుపు జెండా పట్టుకుంది. కావాలనుకున్నదే దొరికింది, పట్టాలు ఇక ఆమెవే. వచ్చే పందెం అంటూ లేదనీ, సెప్టెంబరు నుంచి ఎదుటి తలుపులో ఇంకెవరో నిలబడతారనీ అప్పుడు తట్టింది. రెండు రైళ్ళూ ఒకేసారి కదిలాయి. మక్సుత్ తలుపు ఆమె ముందు నుంచి పక్కకి జరిగిపోతోంది.

"ఒకటో తారీకుకి వచ్చెయ్," అని అతను కేకేశాడు. "జడ నచ్చకపోతే విప్పేసి నువ్వే వేద్దువుగాని."

"విప్పను," అంది కుల్యాష్. అందరూ వింటున్నారని తెలిసే, అతనికి వినబడేంత గట్టిగా అంది.