రేవతి వెళ్ళేదాకా

ఛీ, ఈ ఏసీ గదిలో కూడా రొయ్యల మేత కంపే, గోడకి తగిలించిన రొయ్యల చెరువుల శ్రీనివాసరాజుగారి చొక్కాలోంచి వస్తోందో, కొత్తగా పరిచిన పాలరాయిలోంచి వస్తోందో, లేకపోతే తన ముక్కే పాడైపోయిందో అనుకుంటూ అచ్చిబాబు మాస్టారు హార్మోనియం వాయిస్తూనే ఉన్నాడు, ఆపితే పోతుంది, ఎదురుగా మంచం మీదున్న రాజుగారి తల్లి జానకీదేవిగారు పోతారు, పొద్దున్న ఒక సగం ఊపిరి దగ్గర పట్టుకున్నాడు ఆవిణ్ణి, గాలి లోపలికీ పోదు బయటికీ రాదు, ఆవిడ పేరున తను కట్టిన బాణీ అది, ఎవరి పేరున కడితే వాళ్ళ కాలం మాత్రమే ఆగుతుంది, మిగతా లోకం దాని మానాన అది నడుస్తుంది, భీమవరం రోడ్డు మీద ఆటోలు పోతున్నాయి, వంటింట్లో పెసరట్లు వేస్తున్నారు, పెసరట్లు! కన్నతల్లి ప్రాణం గొంతులో ఉంటే అల్లప్పచ్చడి చాల్లేదని అక్కడొకటే కేకలు, వీళ్ళ తిండి తగలెయ్య.

పట్టిసీమ శివరాత్రి తిరునాళ్ళ నాటకాల్లో ఇదే విద్య, ఈ వేళ్ళే, ఇసకలో కూర్చున్న జనం వన్స్‌మోర్ అని అరిస్తే నటుణ్ణి రాగం ఎత్తులో అలాగే నిలబెట్టేసేవాడు, వాడి పైపంచె గాలిలో లేచి అలాగే ఉండిపోయేది, ఆడవాళ్ళు పిల్లల్ని ఎత్తుకుని మరీ చూపించేవారు, అచ్చిబాబు మాస్టారి బాణీరా అని, అప్పుడు ఎంత గర్వం, మరి ఇవాళ ఏమిటి, చేపని ఐసులో పెట్టినట్టు ఒక ముసలావిణ్ణి నిలవ పెడుతున్నాడు, తన బతుక్కి ఇంతకన్నా చేటుందా.

నిన్న రాజుగారు ఇంటికొచ్చి అరుగు మీద కూర్చుని ఎంత మర్యాదగా అడిగాడని, అమ్మకి రేపో మాపో అంటున్నారండి మాస్టారూ, చూస్తే రేవతి నక్షత్రం, ధనిష్ఠా పంచకం ఇంకా వదల్లేదు, ఈ నక్షత్రాల్లో పోతే ఇల్లు నెలల తరబడి పాడుపెట్టాలి కదండీ, మొన్ననే గృహప్రవేశం చేసుకున్నాం, ఏసీల అట్టపెట్టెలు కూడా ఇంకా పారెయ్యలేదు, తాళం వేసుకుని ఎక్కడికి పోతామండి, పోనీ కారు షెడ్డులో పడుకోబెడదామంటే ఊరు మొహాన ఉమ్మేస్తుంది, ఒక్కపూట పట్టి ఉంచండి, రేపు మధ్యాహ్నానికి రేవతి వెళ్ళి అశ్విని వచ్చేస్తుంది అన్నాడు, లేస్తూ లేస్తూ, మీ అమ్మాయి సత్యశ్రీకి ఇంజనీరింగ్ సీటు మాట నాకు గుర్తుందండోయ్ అన్నాడు, ఆ మాట దగ్గర తన వెన్నెముక ఎటు పోయిందో, అలాగేనండి అనేశాడు, నోరు పడిపోను, ఒకసారి కాదు, అలాగేనండి అలాగేనండి అని రెండుసార్లు.

మంచం పక్కన లోవలక్ష్మి, ఏళ్ళ తరబడి ఆవిడ కాళ్ళు పట్టిన మనిషి, తడిగుడ్డతో పెదాలు తుడుస్తూ తనవైపు చూసే చూపు భరించలేకపోతున్నాడు, కంటి కొసలో నీటిచుక్క పొద్దున్నుంచి అక్కడే ఉందండి మాస్టారూ, జారట్లేదు, ఇదేం పాపమండీ, వదిలెయ్యండి పాపం అంటోంది, తను వాయిస్తూనే, ఆవిడకేం తెలీదమ్మా, మనకే ఇంతసేపు, ఆవిడకి రెప్పపాటు కూడా గడవలేదు అన్నాడు, చెప్పాక ఆ మాట తన నోట్లోనే చేదెక్కింది, గుమ్మంలోంచి మనవరాలు మంజుష తొంగిచూసి, ఇంకా ఎంతసేపంకుల్, మావాళ్ళు టీవీ పెట్టుకోవచ్చా అని అడిగింది, అడిగిందండీ ఆ పిల్ల, ఆ పిల్లని అనడం దేనికి, వాళ్ళు టీవీ పెట్టకముందే తను పాట పెట్టాడు కదా, ఇద్దరికీ తేడా ఏముంది.

అంతలో రాజుగారు వచ్చాడు, తృప్తిగా తేనుస్తూ, చేతిలో సెల్‌ఫోను, అవతల సిద్ధాంతిగారట, అయిపోయిందండి మాస్టారూ, అశ్విని వచ్చేసింది, ఇక వదిలెయ్యండి అన్నాడు, చెరువు మీద మోటారు కట్టెయ్యమన్నట్టు అన్నాడు, అచ్చిబాబు వేళ్ళు తీశాడు, ఆ నీటిచుక్క చెంప మీదికి జారింది, పొద్దున్న మొదలైన ఊపిరి అప్పుడు పూర్తయింది, మళ్ళీ ఇంకోటి రాలేదు, లోవలక్ష్మి ఆ పాదాల మీద తల పెట్టేసింది, వంటింట్లోంచి చేతులు తుడుచుకుంటూ వచ్చి అందరూ ఒక్కసారే ఏడుపు ఎత్తుకున్నారు, రాజుగారు ఫోనులో, అశ్వినిలో పోయిందండి, మా అమ్మ పుణ్యాత్మురాలండి, ఇంటికి ఏ దోషమూ లేకుండా పోయింది అంటున్నాడు, దోషం లేదట, అశ్వినట, ఎవరికిరా అశ్విని, ఆవిడకి రెప్పపాటు కూడా గడవలేదని ఇందాక తనే కదా లోవలక్ష్మికి చెప్పింది, గడవనప్పుడు రేవతి మాత్రం ఎలా వెళ్తుంది, ఎన్నాళ్ళు వాయించినా, చేతులు పడిపోయేదాకా వాయించినా, వదిలిన క్షణం ఆవిడకి మళ్ళీ రేవతే, ఓరి దేవుడా, ఇది ఇంత తెలివితక్కువ పనని ముందే తట్టలేదేం, తనకీ తట్టలేదు, పంచాంగం చూసినవాడికీ తట్టలేదు, ఊరుకుంటే సత్యశ్రీకి సీటుంది, ఊరుకుంటే ఎవరికీ తెలీదు, రేవతేనండి అన్నాడు అచ్చిబాబు, గట్టిగానే అన్నాడు, ఏడుపులు ఆగాయి, ఏంటి మాస్టారూ అన్నాడు రాజుగారు ఫోను చేత్తో మూసి, రేవతేనండి, ఆవిడ కాలం నేను పొద్దున్నే ఆపేశాను కదండీ, ఇల్లు పాడుపెట్టుకోవలసిందేనండి, సిద్ధాంతిగారికి కూడా చెప్పండి అన్నాడు, రాజుగారి మొహం నల్లబడింది, మీ అమ్మాయి సంగతి చూస్కోండి మరి అన్నాడు పళ్ళ బిగువున, సరేలెండి అని హార్మోనియం మూసేసి అక్కణ్ణించి లేచాడు, ఇన్నాళ్ళూ అవతలి మనిషి కాలాన్ని తిప్పుతున్నాననుకున్నాడు, ఎవరిదీ తిప్పలేదు, పొద్దున్న పోవలసిన మనిషి పొద్దున్నే పోయింది, ఆ తరవాత ఈ ఇంట్లో జరిగిన రోతంతా బతికున్న మనకే జరిగింది.